వలస వంటకాలు – జాతీయ సంస్కృతి: బ్రిటన్ అనుభవంపై ఒక పరిశీలన

ఒక దేశానికి వలస వచ్చిన ప్రజలు తమతోపాటు తమ భాషనూ, వేషధారణనూ, ఆరాధనా పద్ధతులనూ, ఆహారపు అలవాట్లనూ తీసుకొని వస్తారు. వీటన్నిటిలో స్థానికులు అందరికంటే ముందుగా స్వీకరించేది ఆహారాన్నే. పరాయి భాష నేర్వాలంటే శ్రమపడాలి. పరాయి మతాన్ని అర్థం చేసుకోవాలంటే మనస్సు విశాలం కావాలి. వంటకం రుచి చూడడానికి మాత్రం ఆకలీ, కొద్దిపాటి డబ్బూ ఉంటే చాలు. అందువల్లనే జాతుల మధ్య సామరస్యాన్ని గురించి మాట్లాడవలసి వచ్చినప్పుడల్లా నాయకులూ, పత్రికా రచయితలూ వంటకాలను ఉదాహరిస్తూ ఉంటారు. ఈ ఉదాహరణ ఎంతవరకు నిలుస్తుంది? అది దేనిని తెలియజేస్తుంది, దేనిని మరుగుపరుస్తుంది? బ్రిటన్ దేశపు అనుభవాన్ని తీసుకొని ఈ ప్రశ్నను పరిశీలించడమే ఈ వ్యాసం ఉద్దేశం.

ఈ విషయంలో తరచుగా ప్రస్తావించబడే ప్రసంగం ఒకటి ఉంది. 2001 ఏప్రిల్ 19న అప్పటి బ్రిటిష్ విదేశాంగ మంత్రి రాబిన్ కుక్, లండన్‌లోని సోషల్ మార్కెట్ ఫౌండేషన్ అనే సంస్థ ఏర్పాటు చేసిన సభలో మాట్లాడుతూ, చికెన్ టిక్కా మసాలా నేడు నిజమైన బ్రిటిష్ జాతీయ వంటకమని ప్రకటించాడు. జనాదరణ ఒక్కటే ఇందుకు కారణం కాదనీ, బయటినుంచి వచ్చే ప్రభావాలను బ్రిటన్ ఎలా ఇముడ్చుకొని తనకు అనువుగా మలచుకుంటుందో చూపడానికి ఆ వంటకం చక్కని నిదర్శనమనీ ఆయన వాదించాడు. టిక్కా భారతదేశపు వంటకమనీ, మాంసాన్ని గ్రేవీతో తినాలనే బ్రిటిష్ ప్రజల కోరిక తీర్చడానికి దానికి మసాలా రసం జోడించబడిందనీ వివరించాడు.

ఈ ప్రసంగం వెనుక ఉన్న సదుద్దేశాన్ని ముందుగా అంగీకరించాలి. అది ఎన్నికలు సమీపిస్తున్న కాలం. లేబర్ పార్టీ మళ్ళీ అధికారంలోకి వస్తే బ్రిటన్ ఒక పరాయి దేశంగా మారిపోతుందని ప్రతిపక్ష నాయకుడు విలియం హేగ్ అదే సంవత్సరం మార్చిలో ప్రసంగించి ఉన్నాడు. అటువంటి వాతావరణంలో ఒక మంత్రి నిలబడి, బ్రిటిష్ జాతి అనేది ఒకే రక్తంనుంచి పుట్టింది కాదనీ, వలసలు దేశానికి బలమే కాని బలహీనత కావనీ చెప్పడం సాహసమే. ఆ మేరకు ఆయన ప్రశంసార్హుడు. కాని సదుద్దేశంతో చెప్పిన మాటను కూడా పరీక్షించి చూడవలసిందే. మన విమర్శ ఆయన ఉద్దేశంపై కాదు, ఆయన ఎన్నుకున్న ఉదాహరణపై.

ఆ వాక్యంలో కర్త ఎవరు?

వ్యాకరణ దృష్టితో చూస్తే ఆ వాదనలో ఒక విశేషం కనబడుతుంది. ఇముడ్చుకున్నది బ్రిటన్. మలచుకున్నది బ్రిటన్. క్రియలన్నిటికీ దేశమే కర్త. మసాలా రసం 'జోడించబడింది' అన్నచోట మాత్రం కర్త లేడు. ఎవరు జోడించారు?

గ్లాస్గో నగరంలో 1964లో శీష్ మహల్ అనే హోటలు స్థాపించిన అలీ అహ్మద్ అస్లం ఈ ప్రశ్నకు ఒక సమాధానం ఇచ్చేవాడు. 1970 దశకంలో భోజనానికి వచ్చిన ఒక వ్యక్తి టిక్కా ముక్కలు మరీ ఎండుగా ఉన్నాయని అన్నాడట. అప్పుడు టమాటా సూపుతో ఒక రసం తయారుచేసి వాటిపై పోయించానని ఆయన చెప్పేవాడు. ఈ వంటకాన్ని కనిపెట్టింది తామేనని చెప్పేవారు మరికొందరు కూడా ఉన్నారు కనుక ఆ తగవు మనకు అనవసరం. 2009లో గ్లాస్గో పార్లమెంటు సభ్యుడు ముహమ్మద్ సర్వర్ ఈ వంటకానికి తమ నగరం పేరుతో యూరోపియన్ యూనియన్‌లో గుర్తింపు సంపాదించాలని ప్రయత్నించాడు. అస్లం 2022లో కన్నుమూశాడు. ఆయన కథ నిజమైనా కాకపోయినా అందులో ఒక సత్యం ఉంది. మారింది బ్రిటన్ కాదు, వంటవాడు. తినేవాడు తన కోరికను యథాతథంగా ఉంచుకున్నాడు. వండేవాడు తన వంటను మార్చుకున్నాడు. దీనిని దేశం చేసిన ఘనకార్యంగా వర్ణించడం శ్రమించినవాని కూలిని మరొకరి ఖాతాలో జమకట్టడమే అవుతుంది.

కూరకు మూడు దశలు

బ్రిటిష్ వారికి 'కర్రీ' పరిచయమైనది నిన్న మొన్న కాదు. హానా గ్లాస్ 1747లో ప్రచురించిన వంటల పుస్తకంలోనే భారతీయ పద్ధతిలో కూర వండే విధానం ఉంది. ఈస్టిండియా కంపెనీ కొలువులో ధనం గడించి తిరిగి వచ్చినవారు ఆ రుచిని వెంట తీసుకువెళ్ళారు. ఇది మొదటి దశ. ఇందులో వంటకం ప్రయాణించింది, వంటవాడు చాలావరకు ప్రయాణించలేదు.

రెండవ దశలో కొందరు వ్యక్తులు కనబడతారు. 1759లో పాట్నాలో ఒక ముస్లిం కుటుంబంలో జన్మించిన దీన్ ముహమ్మద్ కంపెనీ సైన్యంలో పనిచేసి, 1784లో ఐర్లండు చేరాడు. 1794లో తన యాత్రా విశేషాలను ఇంగ్లీషులో గ్రంథంగా ప్రచురించాడు. ఒక భారతీయుడు ఇంగ్లీషులో వ్రాసి ప్రచురించిన మొదటి గ్రంథం అదే. 1810లో లండన్ జార్జి వీధిలో హిందుస్తానీ కాఫీ హౌస్ తెరిచాడు. భారతదేశంలో ఉద్యోగాలు చేసి వచ్చిన పెద్దమనుషులకు అక్కడ కూరలూ, హుక్కా లభించేవి. రెండు సంవత్సరాలు గడవకముందే, 1812లో, ఆయన దివాలా తీశాడు. ఆ స్థలాన్ని గుర్తిస్తూ ఒక ఫలకం పెట్టింది 2005లో. 1926లో ఎడ్వర్డ్ పామర్ లండన్ రీజెంట్ వీధిలో వీరాస్వామి హోటలు ప్రారంభించాడు. అది కూడా ప్రధానంగా సామ్రాజ్యపు జ్ఞాపకాలతో జీవించే సంపన్నుల కోసమే.

మూడవ దశే మనకు ముఖ్యం. ఆ దశకు నాయకులు సిల్హెట్ జిల్లానుంచి వచ్చిన పేద ముస్లిం నావికులు. బ్రిటిష్ ఆవిరి ఓడల అడుగుభాగంలో, కొలిమివంటి వేడిలో బొగ్గు ఎగదోసే పని వారిది. ఆ పని భరించలేక కొందరు లండన్ రేవులో ఓడ దిగి మళ్ళీ ఎక్కలేదు. గిన్నెలు కడగడంతో మొదలుపెట్టి, వంట నేర్చి, రెండవ ప్రపంచ యుద్ధం తరువాత చవకగా దొరికిన చిన్న చిన్న కాఫీ హోటళ్ళనూ, వేయించిన చేపలు అమ్మే దుకాణాలనూ కొన్నారు. పాత గిరాకీ పోకుండా చేపలు అమ్ముతూనే, ప్రక్కన కూర, అన్నం కూడా పెట్టారు. రాత్రి పబ్బులు మూసివేసిన తరువాత కూడా దుకాణం తెరిచి ఉంచారు. ఇతరులు పనిచేయడానికి ఇష్టపడని వేళలో పనిచేయడమే వారి మూలధనం. బ్రిటన్‌లోని 'ఇండియన్' హోటళ్ళలో అధిక భాగం ఇటువంటి వారివీ, వారి బంధువులవీ, గ్రామస్థులవీ.

'ఇండియన్' అనే ఆ పేరును కూడా గమనించండి. బ్రిటిష్ అస్సాంలో జన్మించిన ఒక సిల్హెట్ వాసి 1947 జూలైలో జరిగిన ప్రజాభిప్రాయ సేకరణ తరువాత పాకిస్తానీయుడైనాడు. 1971లో బంగ్లాదేశీయుడైనాడు. తరువాత బ్రిటిష్ పౌరుడు కూడా అయి ఉండవచ్చు. కాని అతని హోటలు బోర్డుమీద మాత్రం మొదటినుంచీ 'ఇండియన్' అనే ఉంది, తాజ్ మహల్ అనో, కోహినూర్ అనో పేరు ఉంది. తినడానికి వచ్చేవానికి తెలిసిన పేరు అది.

వంటకాల పట్టికలోనూ ఇదే ధోరణి. కోర్మా, మద్రాస్, విండాలూ అనే పేర్లు ఆ హోటళ్ళలో కారం మోతాదును తెలిపే మెట్లుగా మారిపోయాయి. మద్రాసు నగరంలో ఎవరూ ఎరుగని 'మద్రాస్' కూర అక్కడ దొరుకుతుంది. విండాలూ గోవాలోని పోర్చుగీసు వంటనుంచి పుట్టినది. లిజ్జీ కాలింగ్‌హమ్ 2005లో ప్రచురించిన 'కర్రీ' అనే చరిత్ర గ్రంథంలో ఇటువంటి మార్పులను శ్రద్ధగా వివరించింది. కల్తీలేని, స్వచ్ఛమైన జాతీయ వంట అనేది ఎక్కడా లేదని ఆ గ్రంథం చదివినవారికి స్పష్టమవుతుంది. ఈ నిర్ణయం సరైనదే. కాని దానికి ఒక ప్రశ్న జోడించవలసి ఉంది. అన్ని వంటలూ కలగలుపులే అయినప్పుడు, ఎవరి రుచిని అనుసరించి ఆ కలగలుపు జరిగింది? సిల్హెట్ వారు ఇంట్లో ఇష్టంగా తినే చేపల పులుసూ, ఎండుచేపలూ, సాత్కొరా అనే పుల్లని పండు వేసి వండిన మాంసమూ ఆ హోటళ్ళ పట్టికలో చాలాకాలం కానరాలేదు. అవి వెనుక వంటగదిలో పనివారి కోసం వండబడేవి. కనుక ముందు గదిలో వడ్డించబడినది వలస వచ్చినవారి వంట అనడం పూర్తిగా సరికాదు. అది వలస వచ్చినవారు ఆతిథేయుల కోసం వండిన వంట.

మరచిపోవడం ద్వారా స్వీకరించడం

ఇక్కడ ఒక ఆక్షేపణ రావచ్చు. కాలం గడిస్తే పరాయిది స్వంతమవుతుంది, దీనిలో తప్పేమిటి అని. బ్రిటిష్ వారు చికెన్ టిక్కా మసాలాకు పూర్వం తమ జాతీయ వంటకంగా చెప్పుకున్న ఫిష్ అండ్ చిప్స్ చరిత్రే ఇందుకు నిదర్శనంగా చూపవచ్చు. చేపను పిండిలో ముంచి నూనెలో వేయించే పద్ధతిని ఇంగ్లండుకు తెచ్చినవారు స్పెయిన్, పోర్చుగల్ దేశాలనుంచి తరిమివేయబడిన యూదులు. స్పానిష్ భాషలో 'ఎస్కబెచే' అనే పుల్లని చేపల వంటకం పేరు అరబ్బీ 'సిక్బాజ్' నుంచి వచ్చిందని పదచరిత్రకారులు చెపుతారు. సిక్బాజ్ అంటే సిర్కాతో వండే మాంసం. అది ఇరాన్ రాజుల వంటశాలనుంచి బాగ్దాదు అబ్బాసీ ఖలీఫాల వంటశాలకు వచ్చి చేరినది. బంగాళాదుంప అమెరికా ఖండంనుంచి వచ్చింది. ఇరాన్, బాగ్దాదు, అందులుస్, లండన్! ఒక పొట్లంలో ఎంత ప్రయాణం ఇమిడి ఉందో పాఠకులు ఊహించగలరు.

అయితే ఈ చరిత్ర మరొక విషయాన్ని కూడా చెపుతుంది. వేయించిన చేప బ్రిటిష్ వంటకమైనది, దాన్ని తెచ్చినవారెవరో జనం మరచిపోయిన తరువాతనే. లండన్ బ్రిక్ లేన్ వీధిలో 1743లో ఫ్రెంచి ప్రొటెస్టెంటు శరణార్థులు నిర్మించిన ప్రార్థనాలయం ఒకటి ఉంది. 1898లో అది యూదుల దేవాలయమైంది. 1976లో జామె మస్జిద్ అయింది. ఒకే కట్టడంలో ముగ్గురు శరణార్థులు వరుసగా దైవాన్ని ప్రార్థించారు. దీనిని బ్రిటన్ ఔదార్యానికి గుర్తుగా చూపేవారున్నారు. కాని వచ్చిన ప్రతి వర్గమూ ఆ వీధులలో ద్వేషాన్ని ఎదుర్కొన్న తరువాతనే స్థిరపడిందన్నది కూడా చరిత్రే.

రుచి ఇవ్వనిది, పోరాటం ఇచ్చినది

కూర పట్ల ప్రేమ కూర వండేవాని పట్ల గౌరవంగా మారుతుందని భావించేవారు 1978 మే 4వ తేదీని గుర్తుంచుకోవాలి. ఆ సాయంత్రం అల్తాబ్ అలీ అనే యువకుడు, బంగ్లాదేశ్ నుంచి వచ్చిన దర్జీ కార్మికుడు, పని ముగించుకుని ఇంటికి వెళుతూ వైట్‌చాపెల్ దగ్గర జాతి విద్వేషానికి బలైపోయాడు. బ్రిక్ లేన్ కూరల వాసన ఆ దుండగులకు తెలియనిది కాదు. పది రోజుల తరువాత వేలాది మంది అతని శవపేటిక వెంట నగర వీధులలో నడిచారు. ఆ నడకే ఆ సమాజానికి రాజకీయ జీవితాన్ని ఇచ్చింది. అతని పేరు అక్కడి ఉద్యానవనానికి పెట్టింది ఇరవై సంవత్సరాల తరువాత, 1998లో.

హలాల్ విషయం కూడా అటువంటిదే. బ్రాడ్‌ఫర్డ్ నగర పాలక మండలి 1983లో పాఠశాలలలో ముస్లిం పిల్లలకు హలాల్ భోజనం పెట్టడానికి పూనుకుంది. వెంటనే ఆందోళన చెలరేగింది. 1984 మార్చిలో మండలిలో దీనిపై మళ్ళీ చర్చ జరిగినప్పుడు వేలాది మంది పిల్లలను తల్లిదండ్రులు బడికి పంపలేదు. చివరకు హలాల్ భోజనం కొనసాగించాలని మండలి తీర్మానించింది. 1985లో ప్రభుత్వ సలహా సంఘమొకటి, పశువును స్పృహ తప్పించకుండా మతాచారం ప్రకారం వధించే అనుమతిని తొలగించాలని సిఫారసు చేసింది. ప్రభుత్వం దానిని ఆమోదించలేదు గాని వివాదం నేటికీ తెగలేదు. పశువుల బాధను గురించి చిత్తశుద్ధితో ఆలోచించేవారు వారిలో లేకపోలేదు. వారితో మర్యాదగా చర్చించవలసిందే. కాని ఒక విచిత్రం చూడండి. ముస్లిం వండిన మాంసం జాతీయ వంటకమైన దేశంలో, ముస్లిం పిల్లవాడు తన ధర్మం అనుమతించిన మాంసం తినడం మాత్రం నగర మండలిలో ఓటింగుకు రావలసిన సమస్య అయింది.

ఈ సందర్భంలో మనవారి వైపు కూడా చూడాలి. కూరతోపాటు బీరు అనేది బ్రిటిష్ రాత్రి భోజనపు ఆచారంగా స్థిరపడింది. మద్యం నిషిద్ధమని ఎరిగిన ముస్లిం యజమానులు, అది లేనిదే వ్యాపారం సాగదని భావించి, దానిని అమ్మారు. తాగివచ్చినవారి దూషణలను సహిస్తూ అర్ధరాత్రి దాటేవరకూ వడ్డించారు. 1998లో బి.బి.సి. టెలివిజన్‌లో దక్షిణాసియా సంతతి కళాకారులు ప్రదర్శించిన ఒక హాస్య ఘట్టం ఈ ప్రవర్తనను తిరగవేసి చూపింది. అందులో భారతీయులు ఒక ఇంగ్లీషు హోటలుకు వెళ్ళి, సర్వరు పేరును ఖూనీ చేసి, అల్లరి చేస్తారు. జనం నవ్వారు, ఎందుకంటే అందరికీ అది తెలిసిన విషయమే. మద్యం అమ్మకాన్ని మనం సమర్థించబోవడం లేదు. ఆదరణకోసం మనిషి చెల్లించిన మూల్యం నాలుకకు సంబంధించినది మాత్రమే కాదనీ, అంతరాత్మకు కూడా సంబంధించినదనీ చెప్పడమే మన అభిప్రాయం. తరువాతి తరంలో మద్యం లేకుండా హలాల్ హోటళ్ళు నడిపేవారు పెరగడం హర్షించదగిన విషయం.

కుక్ ప్రసంగించిన నెల రోజులకే, 2001 మే చివరలో, ఓల్డ్‌హమ్ పట్టణంలో కల్లోలం చెలరేగింది. జూన్‌లో బర్న్‌లీ, జూలైలో బ్రాడ్‌ఫర్డ్ వంతు వచ్చింది. ఆ సంవత్సరం డిసెంబరులో వెలువడిన విచారణ నివేదిక, ఆ పట్టణాలలో రెండు సమాజాలవారు ఒకరితో ఒకరికి సంబంధం లేకుండా ప్రక్క ప్రక్కనే జీవిస్తున్నారని తేల్చింది. ఆ పట్టణాలలో కూర హోటళ్ళు లేకపోలేదు. పరస్పర పరిచయమే లేదు.

వంటవాని మాట

అందువల్ల ఈ చరిత్రను మంత్రి ప్రసంగంలోనే కాక వంటవాని మాటల్లో కూడా చదవాలి. కెరోలిన్ ఆడమ్స్ 1987లో ప్రచురించిన గ్రంథం ఇందుకు ఉపకరిస్తుంది. సప్త సముద్రాలూ, పదమూడు నదులూ దాటి వచ్చిన తొలితరం సిల్హెట్ వాసుల జీవితకథలను ఆమె వారి నోటితోనే చెప్పించింది. ఓడ అడుగునుంచి హోటలు వంటగది వరకు సాగిన ప్రయాణం అందులో మనిషి గొంతుతో వినబడుతుంది. ఆ గ్రంథానికి ఒక పరిమితి ఉంది. అది ప్రధానంగా పురుషుల కథ. ఆ కాలంలో స్త్రీలలో అధికులు సిల్హెట్‌లోనే ఉండిపోయారు. డబ్బు పంపే మగవాని కథ వ్రాయబడింది, ఎదురుచూచిన ఇల్లాలి కథ ఇంకా వ్రాయవలసి ఉంది. అయినా కుక్ వాక్యంలో లోపించిన కర్త ఈ గ్రంథంలో దొరుకుతాడు.

ఇంతకూ కొలమానం ఏది? మన సంప్రదాయంలో దీనికి ఒక స్పష్టమైన సూచన ఉంది. సేవకుడు భోజనం తెచ్చినప్పుడు అతనిని తన ప్రక్కన కూర్చుండబెట్టుకోవాలనీ, అది చేయలేకపోతే కనీసం ఒకటి రెండు ముద్దలైనా అతనికి ఇవ్వాలనీ, ఎందుకంటే పొయ్యి వేడిని భరించి వండినవాడు అతడేననీ దైవప్రవక్త ముహమ్మద్ (స) బోధించినట్లు అబూ హురైరా (రజి) ఉల్లేఖించిన హదీసు సహీహ్ బుఖారీలో ఉంది. వంటకాన్ని మెచ్చుకోవడంతో ఇక్కడ బాధ్యత తీరదు. వండినవానికి ఆ విస్తరి దగ్గర చోటుందా అన్నదే ప్రశ్న. ఈ కొలమానంతో చూస్తే, ఒక దేశపు పట్టికలో ఎన్ని దేశాల వంటకాలున్నాయో లెక్కించడం వ్యర్థం. వండినవాడు తన పేరుతో, తన ధర్మంతో, తన స్వంత రుచితో ఆ దేశంలో కూర్చుండి తినగలుగుతున్నాడా అని అడగాలి.

ఈ ప్రశ్నను బ్రిటన్‌ను అడిగి ఊరుకుంటే మనం న్యాయం చేసినవారం కాము. మన హైదరాబాదు హలీంకు 2010లో భౌగోళిక గుర్తింపు లభించింది. నిజాం సైన్యంలో కొలువుకు వచ్చి బార్కస్‌లో స్థిరపడిన హద్రమౌత్ అరబ్బుల హరీస్ దానికి మూలమని చెపుతారు. నేడు రంజాన్ మాసంలో మతభేదం లేకుండా జనం దానికోసం బారులు తీరుతున్నారు. ఇది సంతోషించదగిన విషయం. కాని భట్టీల దగ్గర గంటల తరబడి పెద్ద కర్రలతో మాంసాన్నీ గోధుమలనూ మెదిపే కూలీ ఎవరు? పండుగ వెళ్ళిన తరువాత అతని పొయ్యి వెలుగుతోందా? నగరం హలీంను చూసి గర్విస్తున్నప్పుడు బార్కస్ వీధి పిల్లవానిని కూడా తన బిడ్డగా చూస్తోందా? హలీం తినే ప్రతివాడూ, ముస్లిం అయినా కాకపోయినా, జవాబు చెప్పవలసిన ప్రశ్నలు ఇవి.

వలస వంటకాలు దేశపు ఆహార సంస్కృతిని మారుస్తాయనడంలో సందేహం లేదు. బ్రిటన్ నాలుకను సిల్హెట్ నావికులు మార్చారు. కాని జాతి స్వభావం నాలుకతో మారదు. బ్రాడ్‌ఫర్డ్ పిల్లలకు హలాల్ భోజనాన్ని నిలబెట్టినది మసాలా రుచి కాదు, తల్లిదండ్రుల పట్టుదల. అల్తాబ్ అలీ పేరును ఉద్యానవనానికి తెచ్చినది కూర మీద ప్రేమ కాదు, శవపేటిక వెంట నడిచిన జనం. వంటకం తలుపు తట్టగలదు. తలుపు తెరిపించేది హక్కుకోసం నిలబడిన మనిషీ, ఆ హక్కును గుర్తించే న్యాయబుద్ధీ మాత్రమే.